అమ్మానాన్నలతో అమెరికాలో ఏ కొండకి వెళ్లాలి?

ఏటా మే నెల వచ్చేసరికి ఇక్కడి తెలుగు ఇళ్లలో ఒకటే మాట. "అమ్మావాళ్లు వచ్చారు, ఎక్కడికి తీసుకెళ్లాలి?" నయాగరా విషయంలో ఎవరికీ సందేహం ఉండదు. కొండలు, లోయల దగ్గరకి వచ్చేసరికే చిక్కు. ఒకరు గ్రాండ్ కాన్యన్ అంటారు, ఇంకొకరు కొలరాడో అంటారు, సియాటిల్‌లో ఉన్న బావమరిది మా ఊరే రమ్మంటాడు. చూస్తే చేతిలో ఉన్నది నాలుగు రోజుల సెలవు.

అమెరికాలో కొండ అంటే ఒక్కో రాష్ట్రంలో ఒక్కో రకం. అలాస్కాలో దెనాలి 20,310 అడుగులు. ఫ్లోరిడా మొత్తంలో ఎత్తైన చోటు 345 అడుగులే. తూర్పున అపలాచియన్ కొండలు కోట్ల ఏళ్ల వానకీ గాలికీ అరిగిపోయి గుండ్రంగా, పచ్చగా ఉంటాయి. పడమటి కొండలు పదునుగా, వేసవిలో కూడా నెత్తిన మంచుతో ఉంటాయి. వీటిలో ఏది గొప్పదో తేల్చడం నా వల్ల కాదు. అరవై దాటిన అమ్మానాన్నలతో వెళ్లేవాళ్లకి ఏది నప్పుతుందో మాత్రం చెప్పగలను.

నాకు ఈ సంగతి తెలిసొచ్చింది కొలరాడోలోని పైక్స్ పీక్ శిఖరం మీద. మావాళ్లది కాకినాడ, సముద్రం పక్కన పుట్టి పెరిగినవాళ్లు. డల్లాస్ నుంచి విమానంలో దిగిన మర్నాడే కారులో 14,115 అడుగుల పైకి తీసుకెళ్లిపోయాను. పైన బండి ఆపేసరికి వెనక సీట్లో అమ్మ సంచిలోని జంతికల ప్యాకెట్ దిండులా ఉబ్బిపోయి ఉంది. అమ్మ దాన్ని నొక్కి చూసి నవ్వుతోంది. ఈలోపు నాన్న తలుపు తీసుకుని దిగి పాతిక అడుగులు వేశారు. వెనక్కి తిరిగి కారు తలుపు పట్టుకుని, "ఒరేయ్, ఊపిరి అందట్లేదురా" అన్నారు. పెదవులు పాలిపోయి ఉన్నాయి. ఫోటో కూడా తీసుకోకుండా దిగిపోయాం. సగం దూరం దిగేసరికి ఆయన మామూలు మనిషయ్యారు కానీ నా కాళ్ల వణుకు రాత్రి దాకా తగ్గలేదు.

అప్పటి నుంచి ఏ ఊరికి బయల్దేరినా ముందు నాలుగు విషయాలు చూసుకుంటున్నాను.

## ముందు చూసుకోవాల్సినవి

ఎత్తు. మనవాళ్లకి బాగా తెలిసిన కొలత తిరుమల. అది సుమారు 2,800 అడుగులు. గ్రాండ్ కాన్యన్ అంచు దానికి రెండున్నర రెట్లు, పైక్స్ పీక్ అయిదు రెట్లు. 7,000 అడుగుల దగ్గర మన ఊపిరికి అందే ఆక్సిజన్ సముద్రమట్టంతో పోలిస్తే ఇంచుమించు నాలుగింట మూడు వంతులు. 14,000 దగ్గర 60 శాతం. గుండె జబ్బు, ఊపిరితిత్తుల సమస్య ఉన్నవాళ్లకి ఈ ఒక్క లెక్కతోనే సగం చోట్లు పక్కకి వెళ్లిపోతాయి. వాళ్ల డాక్టర్‌ని అడగకుండా 8,000 దాటించవద్దు.

కారు నుంచి నడక. మోకాళ్ల నొప్పులున్న అమ్మకి మైలు నడక మైలే కాదు, తిరిగి రావడంతో కలిపి రెండు. దారి చదునుగా ఉందా, కూర్చోవడానికి బల్లలున్నాయా, బాత్రూమ్ ఎంత దూరం? ఇవి కనుక్కోకుండా బయల్దేరితే అక్కడ అందరికీ టెన్షన్.

నెల. జూన్‌లో కొన్ని చోట్ల ఇంకా మంచు కరగదు. ఆగస్టుకి కొన్ని జలపాతాలు ఎండిపోతాయి. పడమటి కొండల్లో జులై, ఆగస్టు మధ్యాహ్నాలు ఉరుములు, పిడుగులు పడతాయి.

రుసుము. ఇది కొత్తగా వచ్చి చేరింది. 2026 జనవరి 1 నుంచి పదకొండు ప్రముఖ నేషనల్ పార్కుల్లో, అమెరికా నివాసులు కాని 16 ఏళ్లు పైబడినవాళ్లకి మామూలు ప్రవేశ రుసుము మీద మనిషికి మరో 100 డాలర్లు పెట్టారు. విజిటర్ వీసా మీద వచ్చిన అమ్మానాన్నలు ఈ లెక్కలోకే వస్తారు, అంటే ఇద్దరికీ 200. ఏడాది పాస్ నివాసులకి 80 డాలర్లు, కానివాళ్లకి 250. ఒకే ట్రిప్పులో రెండు మూడు పార్కులు తిరిగేవాళ్లకి ఆ 250 పాసే చవక. ఎవరి పాస్ కారులో ఎవరెవరికి వర్తిస్తుందో ఆ పార్కు అధికారిక వెబ్‌సైట్‌లో చదువుకుని, అందరి గుర్తింపు కార్డులు దగ్గర పెట్టుకుని వెళ్లండి.

| చోటు | రాష్ట్రం | మనం నిలబడే ఎత్తు | తప్పని నడక | మంచి నెలలు | అదనపు 100 డాలర్లు |
|---|---|---|---|---|---|
| గ్రాండ్ కాన్యన్ సౌత్ రిమ్ | అరిజోనా | సుమారు 7,000 అడుగులు | చాలా తక్కువ, చదును | ఏప్రిల్, మే, సెప్టెంబర్, అక్టోబర్ | ఉంది |
| మౌంట్ రెయినియర్, పారడైజ్ | వాషింగ్టన్ | 5,400 | తక్కువ | జులై చివర నుంచి సెప్టెంబర్ | లేదు |
| స్మోకీ మౌంటెన్స్ | టెన్నెసీ, నార్త్ కరోలినా | 5,046 నుంచి 6,643 | చోటుని బట్టి | మే, అక్టోబర్ | లేదు |
| పైక్స్ పీక్ | కొలరాడో | 14,115 | దాదాపు లేదు | జూన్ నుంచి సెప్టెంబర్ | లేదు, నేషనల్ పార్కు కాదు |
| యోసెమిటీ లోయ | కాలిఫోర్నియా | సుమారు 4,000 | తక్కువ | మే, జూన్ | ఉంది |

## గ్రాండ్ కాన్యన్: నడవలేనివాళ్లకి కూడా పూర్తిగా దొరికే చోటు

పేరు విని ఎంతో నడవాలనుకుంటారు. సౌత్ రిమ్‌లో, అంటే లోయ దక్షిణపు అంచు మీద, జరిగేది దీనికి సరిగ్గా తిరగబడి ఉంటుంది. చూడాల్సినదంతా కిందికి ఉంటుంది, మనం ఉండేది పైన, చదునైన అంచు మీద. లోయలోకి దిగాల్సిన పని లేదు. మాథర్ పాయింట్ నుంచి యావాపాయ్ జియాలజీ మ్యూజియం దాకా ముప్పాతిక మైలు లోపే, సిమెంటు బాటలాంటి దారి. మ్యూజియంలో పెద్ద అద్దాల వెనక కూర్చుని లోయంతా చూడొచ్చు. ఎండకి తట్టుకోలేనివాళ్లకి ఇంతకన్నా మంచి చోటు లేదు.

లోయ లోతు సుమారు ఒక మైలు, కొలరాడో నది వెంట పొడవు 277 మైళ్లు. పైన మనం నిలబడిన సున్నపురాయి వయసు 27 కోట్ల ఏళ్లు, అడుగున నది పక్కన కనిపించే నల్లరాయి వయసు 170 కోట్ల ఏళ్ల పైమాటే. నది ఈ లోయని కోసింది మాత్రం గత 50, 60 లక్షల ఏళ్లలోనే. గండికోటలో పెన్నా కోసిన గండిని చూసినవాళ్లకి ఇది వెంటనే అర్థమవుతుంది. మా నాన్న చూడగానే "గండికోటని వంద రెట్లు చేసి రంగులేశారు" అన్నారు. అక్కడ అయిదు నిమిషాలు నిలబడి వెళ్లిపోయేవాళ్లే ఎక్కువ. మేం పొద్దు వాలే దాకా ఒకే బల్ల మీద కూర్చున్నాం. ఎదుటి గోడ ఇటుక రంగు నుంచి కుంకుమ రంగుకి, తర్వాత ఊదా రంగుకి మారింది. అమ్మ శాలువా కప్పుకుని ఒక్క మాట కూడా మాట్లాడలేదు. మా అమ్మ అంతసేపు మాట్లాడకుండా ఉండడం నేను చూడలేదు.

హెర్మిట్ రోడ్ మీద మార్చి నుంచి నవంబర్ దాకా సొంత కార్లని రానివ్వరు, ఉచిత బస్సులు తిరుగుతాయి. ఎక్కడం దిగడం కష్టమైన మనిషి మీతో ఉంటే గేటు దగ్గర గానీ విజిటర్ సెంటర్‌లో గానీ అడగండి. కారులోనే వెళ్లడానికి ఉచితంగా అనుమతి కాగితం ఇస్తారు. ఈ సంగతి చాలామందికి తెలియదు. తూర్పు వైపు డెజర్ట్ వ్యూ దారిలో ఎలాగూ సొంత కారే.

ఇక్కడ రెండు జాగ్రత్తలు. లాస్ వేగస్‌లో "గ్రాండ్ కాన్యన్ టూర్" అని అమ్మేవాటిలో చాలా వరకు వెస్ట్ రిమ్‌కి. అద్దాల వంతెన స్కైవాక్ ఉన్నది అక్కడే. అది హువాలపాయ్ తెగవాళ్ల భూమి, నేషనల్ పార్కు కాదు, టికెట్ వేరే. వేగస్‌కి దగ్గర కాబట్టి ఒక్క రోజులో అయిపోతుంది. కానీ మనసులో ఉన్న ఆ విశాలమైన లోయ సౌత్ రిమ్‌దే. వేగస్ నుంచి నాలుగున్నర గంటలు, ఫీనిక్స్ నుంచి మూడున్నర గంటలు. రెండోది, నార్త్ రిమ్ లాడ్జ్ 2025 జులై కార్చిచ్చులో కాలిపోయింది, కాబట్టి ఆ వైపు ప్లాన్ పెట్టుకోకండి.

7,000 అడుగులు కాబట్టి మెట్లెక్కితే ఆయాసం వస్తుంది. మొదటి సాయంత్రం కూర్చుని చూసే చోట్లే పెట్టుకుంటే సరిపోతుంది.

## మౌంట్ రెయినియర్: మబ్బు కరుణిస్తే

సియాటిల్ వాళ్లకి ఈ కొండ ఇంట్లో మనిషి. మబ్బు విడిచి కనిపించిన రోజు "ఇవాళ మౌంటెన్ బయటికొచ్చింది" అనుకుంటారు. 14,410 అడుగుల అగ్నిపర్వతం, ఇంకా చల్లారలేదు. ఒంటి మీద ఇరవైకి పైగా హిమానీనదాలున్నాయి. స్థానిక తెగలు దీన్ని తహోమా అనేవారు. చుట్టూ అంత ఎత్తున్నది ఇంకేదీ లేకపోవడంతో ఒంటరిగా, ఆకాశంలోంచి ఊడిపడ్డట్టు కనిపిస్తుంది.

అమ్మానాన్నలకి దీనిలో ఉన్న పెద్ద మేలు ఏమిటంటే, మంచుకొండని అంత దగ్గరగా చూస్తూ కూడా మనం ఉండేది పారడైజ్ అనే చోట, 5,400 అడుగుల దగ్గరే. ఊపిరి ఇబ్బంది చాలామందికి ఉండదు. సియాటిల్ నుంచి రెండు, రెండున్నర గంటలు. విజిటర్ సెంటర్ బయట బల్ల మీద కూర్చున్నా ఎదురుగా కొండే. కాస్త నడవగలిగితే తారు బాటలు ఉన్నాయి. రిఫ్లెక్షన్ లేక్స్ దగ్గర కారు దిగిన చోటే నీళ్లలో కొండ నీడ.

చిక్కు రెండు వైపులా ఉంది. జూన్‌లో వెళ్తే పారడైజ్‌లో దారుల మీద మంచు పేరుకుని ఉంటుంది. చీర, చెప్పులతో అడుగు వేయలేరు. 1971-72 శీతాకాలంలో ఇక్కడ 1,122 అంగుళాల మంచు కురిసిందంటే ఎందుకు కరగదో తెలుస్తుంది. జులై చివరి నుంచి ఆగస్టు మధ్య దాకా గడ్డి మైదానాలన్నీ పూలే. అది సరైన సమయం. రెండో చిక్కు మబ్బు. ఇంత దూరం వెళ్లి తెల్లటి పొగమంచు చూసి వచ్చినవాళ్లు నాకు తెలుసు. అందుకే విమాన టికెట్టు కొని ఒకే రోజు పెట్టుకుని దీనికి వెళ్లవద్దు. సియాటిల్‌లో చుట్టాలుండి, వారం ఉండి, పొద్దున్నే పార్కు కెమెరా చూసి బయల్దేరగలిగితే దీని ముందు ఏదీ నిలవదు.

## స్మోకీ మౌంటెన్స్: ఖర్చు తక్కువ, కళ్లకి చల్లన

అట్లాంటా, షార్లెట్ వాళ్లకి నాలుగు గంటల లోపు డ్రైవ్. అమెరికాలో అందరికన్నా ఎక్కువమంది వచ్చే నేషనల్ పార్కు ఇదే, ఏడాదికి కోటికి పైగా. ప్రవేశ రుసుము లేదు. పావుగంట మించి బండి ఆపితే పార్కింగ్ ట్యాగ్ కావాలి, రోజుకి 5 డాలర్లు, వారానికి 15.

పచ్చటి కొండల వరసల మధ్య నీలం పొగ పేరుకుని ఉంటుంది. చెట్లు వదిలే ఆవిరులు గాలిలో కలిసి ఆ నీలం రంగు తెస్తాయి. చెరొకీ ప్రజలు ఈ కొండలని నీలిపొగ ఉన్న చోటు అని పిలుచుకున్నారు. అరకు, పాడేరు వైపు తిరిగినవాళ్లకి పరాయి చోటులా అనిపించదు. అదే దీని బలం, అదే బలహీనత కూడా. "ఇలాంటివి మన దగ్గరా ఉన్నాయిగా" అని మా పెదనాన్న అన్నారు, ఆ మాట తప్పు కాదు.

న్యూఫౌండ్ గ్యాప్ అనే కనుమలో కారు దిగిన చోటే దృశ్యం, రెండు రాష్ట్రాల సరిహద్దు మీద నిలబడి ఫోటో దిగొచ్చు. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు అక్కడితో ఆగడం మంచిది. పార్కులోకెల్లా ఎత్తైన శిఖరం కువోహీకి పార్కింగ్ నుంచి అర మైలే అని రాస్తారు కానీ ఆ అర మైలులో 330 అడుగులు ఎక్కాలి. తారు బాటే, కానీ నిలువు. పాత మ్యాపుల్లో దీని పేరు క్లింగ్‌మన్స్ డోమ్, 2024 సెప్టెంబర్‌లో చెరొకీ పేరు తిరిగి పెట్టారు. అక్టోబర్ ఆకురంగుల వారాంతాల్లో ట్రాఫిక్ ఘోరంగా ఉంటుంది, మధ్య వారంలో వెళ్లండి.

## పైక్స్ పీక్: అందరికీ కాదు

కారులో 19 మైళ్ల తారు రోడ్డు. కొన్ని మలుపుల్లో పక్కన రెయిలింగ్ ఉండదు. దిగేటప్పుడు మధ్యలో ఆపి బ్రేకులు వేడెక్కాయేమో చూస్తారు. మానిటూ స్ప్రింగ్స్ నుంచి పళ్లచక్రాల రైలు కూడా ఉంది. 1891లో మొదలై, బాగు చేశాక 2021లో మళ్లీ తెరిచారు. పోయి రావడానికి మూడు గంటల పైన పడుతుంది, పైన ఉండేది ముప్పావు గంట లోపు. డ్రైవింగ్ భయం ఉన్నవాళ్లకి రైలే మేలు. అయితే పైన ఎవరికైనా ఒంట్లో బాగోకపోతే కారులో అయితే ఆ నిమిషమే దిగొచ్చు, రైలైతే దాని సమయం దాకా ఆగాలి. మాకు జరిగింది తలుచుకుంటే ఈ ఒక్క కారణంతో నేను కారు వైపే ఉంటాను.

అరవై లోపు, బీపీ అదుపులో ఉండి, కొలరాడోలో అప్పటికే రెండు రాత్రులు పడుకున్నవాళ్లని తీసుకెళ్లండి. మిగిలినవాళ్లకి కిందనే గార్డెన్ ఆఫ్ ది గాడ్స్ ఉంది. నిలువుగా లేచిన ఎర్రరాతి గోడలు, మధ్యలో సిమెంటు బాట, వెనక పైక్స్ పీక్. అది కొలరాడో స్ప్రింగ్స్ ఊరి పార్కు, టికెట్టే లేదు. నాన్నకి ఆ ట్రిప్పులో గుర్తున్నది ఆ ఎర్రరాళ్లే.

## యోసెమిటీ, ఇంకొన్ని

బే ఏరియా నుంచి నాలుగు గంటలు. లోయలో ఎత్తు 4,000 అడుగులే కాబట్టి ఊపిరి సమస్య లేదు. టన్నెల్ వ్యూలో కారు దిగగానే ఒక పక్క 3,000 అడుగుల నిలువు గ్రానైట్ బండ ఎల్ కాపిటాన్, ఎదురుగా హాఫ్ డోమ్. యోసెమిటీ జలపాతం 2,425 అడుగులు, మేలో హోరెత్తుతుంది, ఆగస్టులో చాలా ఏళ్లు గోడ మీద మరక మాత్రమే. కాబట్టి అమ్మావాళ్లు జులై తర్వాత వస్తే దీన్ని కాస్త వెనక్కి జరపండి. దారి మలుపులు ఎక్కువ, వాంతులయ్యేవాళ్లకి మాత్ర ముందే వేయండి. పార్కింగ్ పొద్దున్నే నిండిపోతుంది.

ఎల్లోస్టోన్ కొండ కన్నా పెద్ద విషయం, మూడు రోజులు లేకపోతే పెట్టుకోవద్దు. చెక్క బాటల మీద నడిచి వేడినీటి బుగ్గలు చూడడం పెద్దవాళ్లకి సులువే, ఓల్డ్ ఫెయిత్‌ఫుల్ దగ్గర బల్లలు వేసి ఉంటాయి, సుమారు గంటన్నరకోసారి నీళ్లు ఎగజిమ్ముతుంది. కష్టమల్లా ఒక చోటు నుంచి ఇంకో చోటికి కారులో గంటల తరబడి కూర్చోవడమే.

న్యూజెర్సీ, బోస్టన్ వాళ్లకి న్యూ హాంప్‌షైర్‌లోని మౌంట్ వాషింగ్టన్ ఉంది. ఎత్తు 6,288 అడుగులే, పైకి కారు దారీ ఉంది, 1869 నాటి రైలూ ఉంది. కానీ 1934 ఏప్రిల్‌లో గంటకి 231 మైళ్ల గాలి కొలిచిన శిఖరం అది. జులైలో కూడా స్వెటర్లు, మంకీ క్యాపులు తప్పవు.

## ఎవరికి ఏది

డల్లాస్, హ్యూస్టన్ వాళ్లకి దగ్గరలో కొండ లేదు, ఎలాగూ విమానమే. అలాంటప్పుడు ఫీనిక్స్‌కి వెళ్లి గ్రాండ్ కాన్యన్ దగ్గర రెండు రాత్రులు ఉండండి. మనిషికి 100 డాలర్లు ఎక్కువైనా సరే, ఒక్కసారే వచ్చే అమ్మానాన్నలకి చూపించాల్సింది అదేనని నా మాట. రెండోసారి, మూడోసారి వచ్చినవాళ్లకి రెయినియర్.

గుండె ఆపరేషన్ అయినవాళ్లు, ఆస్తమా ఉన్నవాళ్లు డాక్టర్ సరేనన్నాక యోసెమిటీ లోయ గానీ పారడైజ్ గానీ. మోకాళ్లు మాత్రమే ఇబ్బంది అయితే సౌత్ రిమ్, కారు అనుమతితో. చిన్నపిల్లలూ, పెద్దవాళ్లూ కలిసి రెండు కార్లలో బయల్దేరే కుటుంబాలకి స్మోకీస్‌లో క్యాబిన్ తీసుకోవడమే హాయి. వంటిల్లు ఉంటుంది, పొద్దున్నే ఎవరి కాఫీ వాళ్లు కలుపుకోవచ్చు. చూడడానికి బయటికి వెళ్లలేని మనిషి వరండాలో కూర్చున్నా కొండే కనిపిస్తుంది.

గ్రాండ్ కాన్యన్ అంచు మీది గదులు నెలల ముందే అయిపోతాయి. దొరకకపోతే గేటు బయట టుసాయన్‌లో, ఇంకా చవకగా విలియమ్స్‌లో చూడండి. విమానం దిగిన రోజు ఏ కొండా పెట్టుకోవద్దు, అన్నం తిని పడుకోనివ్వండి. మర్నాడు ఫ్లాస్కులో వేడినీళ్లు, డబ్బాలో పులిహోర, రోజూ వేసుకునే మాత్రలు సూట్‌కేసులో కాకుండా చేతి సంచిలో పెట్టుకుని ఆరింటికల్లా బయల్దేరితే మధ్యాహ్నం ఉరుములు మొదలయ్యేలోపు గదికి వచ్చేస్తారు.